రెండు పాత్రలు, ఒకే ఖాతా: ఒక ఓనర్ ఆపరేటర్ క్లియరింగ్‌హౌస్ నమోదుపై కేస్ స్టడీ

టెక్సాస్‌లో ఒకే ట్రక్కుతో, సొంత డాట్ నంబరు (రవాణా సంస్థలకు ఫెడరల్ ప్రభుత్వం ఇచ్చే గుర్తింపు సంఖ్య) మీద సరకు రవాణా మొదలుపెట్టిన ఒక తెలుగు ఓనర్ ఆపరేటర్, అంటే సొంత ట్రక్కును తానే నడుపుకునే యజమాని, కేసు ఇది. నేను చిన్న ట్రక్కింగ్ సంస్థలకు నిబంధనల విషయంలో సలహాలిచ్చే పని చేస్తాను. ఆయన, తర్వాత ఆయన దగ్గర చేరిన డ్రైవరు ఇద్దరూ అనుమతించిన మీదట, గుర్తుపట్టడానికి వీలైన వివరాలన్నీ తీసేసి ఈ కేసును రాస్తున్నాను. ఇటువంటి పరిస్థితిలో ఉన్న తెలుగువారు నా దగ్గరికి తరచూ వస్తున్నారు. వారిలో ఎక్కువమంది అడిగేది ఒకటే: "నేను ఎప్పుడో రిజిస్టర్ అయ్యాను కదా, ఇంకేం చెయ్యాలి?" క్లియరింగ్‌హౌస్, అంటే వాణిజ్య డ్రైవర్ల మాదకద్రవ్య, మద్యం ఉల్లంఘనలు నమోదయ్యే అమెరికా జాతీయ డేటాబేస్. అందులో నమోదు అంటే ఒక ఖాతా తెరవడం కాదనీ, చట్టం దృష్టిలో యజమానిగా ఒక బాధ్యతను పేరు పెట్టి స్వీకరించడమనీ ఈ కేసు స్పష్టంగా చూపుతుంది.

ముందుగా నేపథ్యం. అమెరికాలో వాణిజ్య డ్రైవింగ్ లైసెన్సు, అంటే సీడీఎల్, ఉన్న డ్రైవర్లకు మాదకద్రవ్యాల పరీక్షలు, మద్యం పరీక్షలు చాలా ఏళ్లుగా తప్పనిసరి. అయితే ఒక కంపెనీలో పరీక్షలో దొరికిపోయిన డ్రైవరు, ఆ సంగతి చెప్పకుండా మరో కంపెనీలో చేరిపోవడానికి వీలుండేది. కొత్త యజమాని పాత యజమానులకు ఉత్తరాలు రాసి తెలుసుకోవాలి. దరఖాస్తులో పాత కంపెనీ పేరే రాయకపోతే అడగడానికి ఎవరూ ఉండరు. ఈ లొసుగును మూయడానికి 2012లో కాంగ్రెస్ చేసిన చట్టం ఒక జాతీయ డేటాబేస్‌ను ఏర్పాటు చేయమని ఆదేశించింది. ఫెడరల్ మోటార్ క్యారియర్ సేఫ్టీ అడ్మినిస్ట్రేషన్ (ఎఫ్‌ఎంసీఎస్‌ఏ) 2016 డిసెంబరులో తుది నిబంధనలు ప్రకటించగా, క్లియరింగ్‌హౌస్ 2020 జనవరి 6 నుంచి అమలులోకి వచ్చింది. పాజిటివ్ వచ్చిన మాదకద్రవ్య పరీక్ష, ఆల్కహాల్ గాఢత 0.04 లేదా అంతకు మించి వచ్చిన మద్యం పరీక్ష, పరీక్షకు నిరాకరణ, యజమానికి స్వయంగా తెలిసిన ఉల్లంఘన, ఇవన్నీ అందులో నమోదవుతాయి. ఎక్కువ రాష్ట్రాల్లో మామూలు కారు నడిపేవారికి మద్యం పరిమితి 0.08 కాగా సీడీఎల్ డ్రైవరుకు అందులో సగమే. కారుకూ ట్రక్కుకూ ఒకే లెక్క అనుకునేవారు ఇంకా కనబడుతున్నారు కనుక ఈ సంగతి ప్రత్యేకంగా చెబుతున్నాను.

మన క్లయింటు అంతకుముందు ఒక పెద్ద క్యారియర్ (రవాణా సంస్థ) దగ్గర జీతానికి ట్రక్కు నడిపారు. ఆ కంపెనీ ఆయన్ను చేర్చుకునేటప్పుడు ఆయన రికార్డు చూడటానికి క్లియరింగ్‌హౌస్‌లో ఆయన అంగీకారం అడిగింది. అది ఇవ్వడానికే ఆయన డ్రైవరుగా నమోదయ్యారు. తర్వాత సొంత ట్రక్కు కొని, సొంత అథారిటీ (సరకు రవాణాకు ఫెడరల్ అనుమతి) తీసుకుని, బీమా చేయించి, లోడ్లు పట్టుకోవడం మొదలుపెట్టారు. కొన్ని నెలలకు, కొత్త క్యారియర్లకు తొలి ఏడాదిలో జరిగే సేఫ్టీ ఆడిట్ నోటీసు వచ్చింది. అందులో అడిగిన కాగితాల పట్టికలో క్లియరింగ్‌హౌస్ క్వెరీలు, అంటే డ్రైవరు రికార్డు కోసం యజమాని అక్కడ చేసే విచారణలు, కూడా ఉన్నాయి. ఆయన తన ఖాతా తెరిచి, తన పేరూ లైసెన్సు నంబరూ కనిపిస్తున్న పేజీని ఫోటో తీసి నాకు పంపారు. ఆ పేజీ డ్రైవరు పాత్రకు చెందినది. యజమానిగా ఆయన ఆ డేటాబేస్‌లో లేనే లేరు.

ఇక్కడ ఒక తేడాను గమనించాలి. సొంత ట్రక్కు ఉన్నా దాన్ని మరో క్యారియర్ డాట్ నంబరు కింద లీజుకు పెట్టి నడిపే వ్యక్తికి, క్లియరింగ్‌హౌస్ విషయంలో ఆ క్యారియరే యజమాని. ఆ వ్యక్తి డ్రైవరుగా నమోదై ఉంటే చాలు. సొంత అథారిటీతో నడిపే వ్యక్తి మాత్రం తనకు తానే యజమాని, తనకు తానే ఉద్యోగి. డ్రైవరును పనిలోకి తీసుకునే ముందు యజమాని చేయవలసినవన్నీ ఆయన తన విషయంలోనూ చేయాలి. తన మీద తాను క్వెరీ నడపడం వినడానికి వింతగా ఉంటుంది. అయితే తనే యజమాని అయినందువల్ల ఏ డ్రైవరూ ఈ వ్యవస్థ కంటబడకుండా పోకూడదన్నది నిబంధన ఉద్దేశం, అది సరైనదేనని నా అభిప్రాయం. కంపెనీలో పరీక్ష తప్పిన డ్రైవరుకు సొంత ట్రక్కు కొనుక్కోవడమే తప్పించుకునే దారి కాకూడదు.

ఆయన దగ్గరున్న కాగితాలన్నీ చూశాను. పరిస్థితి నేను భయపడినంత అధ్వానంగా లేదు. అథారిటీ వచ్చిన వెంటనే ఒక కన్సార్టియంలో, అంటే చిన్న కంపెనీల తరఫున డ్రైవర్ల పరీక్షలు నడిపే సంస్థలో, సభ్యులుగా చేరారు. మొదటి లోడ్ ఎత్తకముందే మాదకద్రవ్య పరీక్ష చేయించుకున్నారు, ఫలితం నెగటివ్. ఒక్కరే ఉన్న కంపెనీ తనంతట తాను యాదృచ్ఛిక పరీక్షలు నడుపుకోలేదు కనుక, ఇతర డ్రైవర్లతో కలిసిన సమూహంలో చేరడం తప్పనిసరి, అది జరిగింది. అసలు పరీక్షల కార్యక్రమమే లేకపోయి ఉంటే ఆ ఒక్క కారణంతోనే ఆడిట్‌లో విఫలమయ్యేవారు. లేనివి ఏమిటంటే, క్లియరింగ్‌హౌస్‌లో యజమాని పాత్ర, ఆ కన్సార్టియాన్ని అక్కడ తన ప్రతినిధిగా నియమించడం, క్వెరీలకు కొనవలసిన ప్లాన్, తన మీద తాను నడపవలసిన క్వెరీ. కన్సార్టియానికి రుసుము కట్టి సర్టిఫికెట్ తెచ్చుకుంటే క్లియరింగ్‌హౌస్ పని కూడా అయిపోయినట్టేనని ఆయన అనుకున్నారు. ఆ రెండూ వేర్వేరు. తనను తాను ఉద్యోగిగా పెట్టుకున్న యజమాని, తన ఉల్లంఘనను తానే నివేదించుకుంటాడని ఎవరూ నమ్మరు కనుక, ఆ నివేదించే అధికారాన్ని కన్సార్టియానికి క్లియరింగ్‌హౌస్ లోపలే అప్పగించాలి.

పని మొదలుపెట్టే ముందు ఆయన తన లాగిన్, పాస్‌వర్డ్ నాకు పంపబోతే వద్దన్నాను. క్లియరింగ్‌హౌస్‌కు వెళ్లే దారి లాగిన్.గవ్ అనే ప్రభుత్వ లాగిన్ సేవ, ఆ ఖాతా ఒక వ్యక్తిది, కంపెనీది కాదు. పైగా అదే ఖాతాలో ఆయన డ్రైవరు రికార్డు కూడా ఉంటుంది. అది చూసే హక్కు నాకు లేదు. యజమాని పాత్ర వచ్చాక, సహాయకులను ఆహ్వానించే వెసులుబాటు ఆ వ్యవస్థలోనే ఉంది. నన్ను అలా చేర్చమని చెప్పాను. అప్పటివరకు ఆయన తన కంప్యూటరు ముందు కూర్చుని తనే నొక్కారు, నేను ఫోన్‌లో చెబుతూ ఉన్నాను.

మొదటి అడ్డంకి డాట్ నంబరు దగ్గర వచ్చింది. ఎఫ్‌ఎంసీఎస్‌ఏ పోర్టల్ ఖాతాతో ముడివేస్తే కంపెనీ పేరు, చిరునామా వంటివి వాటంతటవే వచ్చి చేరతాయి. కానీ అథారిటీకి దరఖాస్తు పెట్టిన ఏజెంటు, కంపెనీ ఈమెయిల్ రాయవలసిన చోట తన ఈమెయిల్ రాశాడు. ఈ పొరపాటు మనవాళ్ల ఫైళ్లలో నాకు పదేపదే కనిపిస్తుంది. తక్కువ డబ్బుకు అన్నీ చూసుకుంటానన్న ఏజెంటు చేతిలో కంపెనీ తాళంచెవి ఉండిపోతుంది. ముందు ఎంసీఎస్-150 అనే ఫారం ద్వారా కంపెనీ వివరాలు సరిచేయించి, పోర్టల్‌ను ఆయన పేరు మీదికి తెచ్చాకే ముందుకు కదిలాం. సొంత అథారిటీ తీసుకునే ప్రతివారూ మొదటిరోజే ఆ రికార్డులో ఎవరి ఈమెయిల్, ఎవరి ఫోన్ నంబరు ఉన్నాయో చూసుకోవాలి.

తర్వాత యజమాని పాత్రను చేరుస్తూ, ఓనర్ ఆపరేటరా అన్న ప్రశ్నకు అవునని గుర్తుపెట్టించాను. కన్సార్టియాన్ని ఎంచుకునే చోట ఇంకో చిక్కు ఎదురైంది. బిల్లు మీద ఉన్న వ్యాపార నామం వేరు, క్లియరింగ్‌హౌస్‌లో ఆ సంస్థ నమోదైన అసలు పేరు వేరు. దగ్గరి పేర్లు చాలా ఉన్నాయి. ఏదో ఒకటి ఎంచుకుని ఉంటే, ఆయనెవరో ఎరగని సంస్థ ఆయన ప్రతినిధి అయ్యేది. కన్సార్టియానికి ఫోన్ చేసి, నమోదైన పేరు, చిరునామా ఈమెయిల్‌లో రాయించుకుని, అది చూసి ఎంచుకున్నాం. ప్రతినిధికి ఏయే పనులు అప్పగిస్తున్నామో కూడా అక్కడే చెప్పాలి. ఉల్లంఘనలు నివేదించడం, క్వెరీలు నడపడం రెండూ అప్పగించాం. అయితే క్వెరీ ప్లాన్‌ను యజమాని ఖాతా నుంచే కొనాలి. కన్సార్టియం ఆయన కోసం కొనలేదు. ఒక్కో క్వెరీ ధర 1.25 డాలర్లు. కొన్నవి వాడేదాకా నిలవ ఉంటాయి కనుక, ఇద్దరు ముగ్గురు డ్రైవర్ల కంపెనీకి కొద్దిపాటి ప్లాన్ చాలు. డ్రైవరు నమోదుకు ఏ రుసుమూ లేదు. డబ్బు తీసుకుని డ్రైవరును నమోదు చేస్తామనే ప్రకటనలు కనిపిస్తే, అమ్ముతున్నది ఉచితంగా దొరికేదాన్నేనని గుర్తుంచుకోవాలి.

ఆ తర్వాత ఆయన యజమాని పాత్రలో తన మీద ఫుల్ క్వెరీ (రికార్డు వివరాలన్నీ చూపేది) పెట్టారు. డ్రైవరు పాత్రలోకి మారి, వచ్చిన అభ్యర్థనకు అంగీకారం తెలిపారు. నిషేధం లేదన్న ఫలితం వచ్చింది. సమస్య తేదీ. ఈ క్వెరీ ఆయన మొదటి లోడ్ ఎత్తకముందే జరిగి ఉండాలి. ఆయన బంధువు ఒకరు, పాత తేదీతో ఏదైనా కాగితం తయారుచేసి ఫైల్లో పెడితే సరిపోతుంది కదా అని సలహా ఇచ్చారట. అది చేస్తే ఈ కేసు నుంచి నేను తప్పుకుంటానని చెప్పాను. ప్రతి క్వెరీ తేదీ క్లియరింగ్‌హౌస్‌లోనే నిలిచి ఉంటుంది, ఆడిటరుకు అది కనబడుతుంది. అంతకంటే ముఖ్యంగా, ఆలస్యం సరిదిద్దుకోగల లోపం. దొంగ కాగితం అలా కాదు. ఎప్పుడు ఏది జరగలేదో, ఏ తేదీన ఎలా సరిచేశామో, మళ్లీ జరగకుండా ఏం ఏర్పాటు చేశామో ఒక పేజీలో రాసి, ఆయన సంతకంతో ఫైల్లో పెట్టాం.

ఈ పని నడుస్తుండగానే ఆయన రెండో ట్రక్కు కొని ఒక డ్రైవరును తీసుకోవాలని నిశ్చయించుకున్నారు. ఈ కేసులో అసలు పరీక్ష అక్కడ మొదలైంది. ఆ డ్రైవరూ తెలుగువాడే. కాలిఫోర్నియా నుంచి టెక్సాస్‌కు మారి, సీడీఎల్‌ను ఇక్కడికి బదిలీ చేయించుకున్నాడు. పనిలో పెట్టేముందు ఫుల్ క్వెరీ తప్పనిసరి; దానికి డ్రైవరు క్లియరింగ్‌హౌస్ లోపలే అంగీకారం తెలపాలి. కాగితం మీద సంతకం చెల్లదు. అభ్యర్థన పంపాం, జవాబు రాలేదు.

ముందు వివరాలు సరిచూశాం. దరఖాస్తు ఫారంలో అతను పుట్టిన తేదీని మన అలవాటు ప్రకారం రోజు ముందు, నెల తర్వాత రాశాడు. ఇక్కడ నెల ముందు వస్తుంది. రోజు సంఖ్య 12 లోపే ఉండటంతో తారుమారు అయినట్టు ఎవరికీ తెలియలేదు. పేరు విషయం ఇంకా చిక్కు. పాస్‌పోర్టులో ఇంటిపేరు ఒక చోట, కాలిఫోర్నియా లైసెన్సులో మరో చోట, ఫారంలో కేవలం ఇంటిపేరు మొదటి అక్షరం. క్వెరీకి పేరు, పుట్టిన తేదీ, లైసెన్సు నంబరు, రాష్ట్రం లైసెన్సు కార్డు మీద ఉన్నట్టే ఇవ్వాలి. పైగా అతని డ్రైవరు ఖాతాలో పాత కాలిఫోర్నియా నంబరే ఉంది. టెక్సాస్ నంబరును అతనే తన ప్రొఫైల్‌లో చేర్చుకోవాలి. అప్పటి నుంచి నేను ఏ డ్రైవరు వివరాలూ ఫారం చూసి నింపనివ్వడం లేదు; కార్డు రెండు వైపులా ఫోటో తెప్పించి, నెల పేరును అక్షరాల్లో అడిగి రాసుకోమంటున్నాను. మన పేర్లకు, మన తేదీల అలవాటుకు ఇంతకంటే నమ్మకమైన పద్ధతి నాకు దొరకలేదు.

అన్నీ సరిచేసి కొత్త అభ్యర్థన పంపినా అంగీకారం రాలేదు. యజమాని రెండు మూడు సార్లు గుర్తుచేశాక డ్రైవరు నాకు నేరుగా ఫోన్ చేశాడు. "సార్, నేను ఒప్పుకుంటే నా పాత విషయమంతా అందరికీ తెలిసిపోతుందా?" అని అడిగాడు. అందరికీ కాదు, అతను ఏ యజమానికి అంగీకారం ఇస్తాడో ఆ యజమానికే కనబడుతుందని చెప్పాను. ఒప్పుకోకపోతే ఆ యజమాని అతని చేత ట్రక్కు నడిపించడం కుదరదనీ చెప్పాను. కాసేపు ఆగి, "అన్నకి నేనే ముందు చెప్పుకుంటాను" అన్నాడు. ఆ సాయంత్రం యజమానితో మాట్లాడి, తర్వాత అంగీకారం తెలిపాడు.

కాలిఫోర్నియాలో ఉండగా అతనికి ఒక యాదృచ్ఛిక పరీక్షలో గంజాయి పాజిటివ్ వచ్చింది. ఆ రాష్ట్రంలో పెద్దలకు గంజాయి చట్టబద్ధమే. ఫెడరల్ రవాణా నిబంధనల్లో అది నిషిద్ధమే. రాష్ట్ర చట్టం అనుమతించిందన్నది ఇక్కడ సమాధానం కాదు. దుకాణంలో కొన్న సీబీడీ నూనె (గంజాయి జాతి మొక్క నుంచి తీసేది) వల్ల వచ్చిందన్నా వైద్య సమీక్షాధికారి ఒప్పుకోరు. ఈ ఒక్క విషయం తెలియక ఉపాధి పోగొట్టుకున్నవారిని చూశాను కనుక, సీడీఎల్ ఉన్న ప్రతి తెలుగు డ్రైవరుకూ ఇది గట్టిగా చెప్పదలచుకున్నాను. ఇతను ఆ తర్వాత నిబంధనల ప్రకారం శాప్ అని పిలిచే మాదకద్రవ్య దుర్వినియోగ నిపుణుడి దగ్గర మదింపుకు వెళ్లి, సూచించిన శిక్షణ పూర్తిచేసి, తిరిగి పనిలోకి చేరడానికి చేసే పరీక్షలో నెగటివ్ తెచ్చుకున్నాడు. అలా చేయకుండా ఉండి ఉంటే, 2024 నవంబరు 18 నుంచి అమలైన నిబంధన ప్రకారం రాష్ట్రమే అతని వాణిజ్య లైసెన్సు హోదాను తగ్గించి ఉండేది. బదిలీ కూడా జరిగేది కాదు.

ఫుల్ క్వెరీ ఫలితంలో నిషేధం లేదనే వచ్చింది. చాలామంది యజమానులు అక్కడితో పేజీ మూసేస్తారు. కింద ఉన్న వివరాల్లో, ఉల్లంఘన తర్వాత చేయవలసిన ఫాలో అప్ పరీక్షలు పూర్తయినట్టు నమోదు లేదు. అంటే అతను ట్రక్కు నడపవచ్చు, కానీ మిగిలిన పరీక్షల బాధ్యత అతనితో పాటు కొత్త యజమాని దగ్గరికి వస్తుంది. తిరిగి పనిలో చేరిన మొదటి 12 నెలల్లో కనీసం 6 పరీక్షలు ఉంటాయి. శాప్ అవసరమనుకుంటే మొత్తం 60 నెలల వరకు పొడిగించవచ్చు. ఎన్ని, ఎంతకాలం అన్న ప్రణాళిక క్లియరింగ్‌హౌస్‌లో ఉండదు. పాత యజమాని దగ్గర నుంచి తెప్పించుకోవాలి. డ్రైవరు రాతపూర్వక అనుమతితో ఉత్తరం రాసి తెప్పించాం. ఆ ప్రణాళికను డ్రైవరుకు చూపకూడదు, పరీక్ష ఎప్పుడో ముందుగా చెప్పకూడదు. యాదృచ్ఛిక పరీక్షకు అతని పేరు వస్తే అది వేరుగానే లెక్క, ఫాలో అప్ పరీక్ష కింద జమ చేసుకోవడం కుదరదు. ప్రతి ఫాలో అప్ మాదకద్రవ్య పరీక్షా ప్రత్యక్ష పరిశీలనలో, అదే లింగానికి చెందిన వ్యక్తి ఎదుట జరగాలి. ఇది అతనికి ఇబ్బందికరమే. యజమాని ముందే మర్యాదగా వివరించి చెప్పినందువల్ల డ్రైవరు దాన్ని అవమానంగా తీసుకోలేదు.

ఇతన్ని తీసుకోవాలా వద్దా అన్నది యజమాని నిర్ణయం. నా సలహా అడిగితే, రికార్డు నిజంగా ఏం చెబుతున్నదో చూడమన్నాను: తప్పు జరిగింది, దాని తర్వాతి దారంతా ఒక్కో మెట్టూ ఎక్కుతూ వచ్చాడు, తానుగా ముందు చెప్పాడు. ఆయన తీసుకున్నారు. చేరే ముందు చేయవలసిన మాదకద్రవ్య పరీక్ష నెగటివ్ వచ్చాకే తాళాలు చేతికిచ్చారు. ఏటా చేయవలసిన లిమిటెడ్ క్వెరీ (రికార్డులో సమాచారం ఉందో లేదో మాత్రమే చెప్పేది) కోసం ఇద్దరి దగ్గరా విడిగా రాతపూర్వక అంగీకారం తీసుకున్నాం. దీనికి కాగితం చెల్లుతుంది, ఉద్యోగం ఉన్నన్నాళ్లూ వర్తించేలా రాయవచ్చు. ఆ లిమిటెడ్ క్వెరీలో ఏదైనా సమాచారం ఉందని వస్తే 24 గంటల్లోపు ఫుల్ క్వెరీ చేయాలి. ఆలోగా కాకపోతే డ్రైవరును ట్రక్కు దించాలి. రాత్రిపూట దూరప్రాంతంలో ఉన్న డ్రైవరు అంగీకారం తెలపాలంటే లాగిన్ కోడ్ అతని ఫోన్‌కే రావాలి కనుక, ఇద్దరి లాగిన్.గవ్ ఖాతాల్లోనూ భార్య నంబరో, పాత నంబరో కాకుండా వారు వెంట ఉంచుకునే నంబరే ఉండేలా సరిచూశాం.

ఆడిట్‌లో క్వెరీ ఆలస్యాన్ని ఆడిటరు లోపంగా రాశారు. మేము జతపరిచిన వివరణ, సరిదిద్దిన తేదీలు చూసి, మిగతా రికార్డులు సరిగా ఉన్నందున ఆడిట్ పూర్తయినట్టు నిర్ధారించారు. ఇప్పుడు ఆయన ఇద్దరి లిమిటెడ్ క్వెరీలనూ ఏటా ఒకే నెలలో, గడువుకు ముందుగానే నడపడానికి కన్సార్టియంతో ఏర్పాటు చేసుకున్నారు. రెండో డ్రైవరు ఫాలో అప్ పరీక్షలు ఇంకా మిగిలి ఉన్నాయి. చివరిది నెగటివ్‌గా పూర్తయిన తర్వాత ఆ సంగతిని క్లియరింగ్‌హౌస్‌లో నమోదు చేయవలసింది యజమానే. ఆ నమోదు జరగడం, ఉల్లంఘన నిర్ధారణ అయిన తేదీ నుంచి 5 ఏళ్లు గడవడం, ఈ రెండింటిలో ఏది ఆలస్యమైతే అప్పటిదాకా ఆ రికార్డు యజమానుల క్వెరీల్లో కనబడుతూనే ఉంటుంది. అందుకే ఆ నివేదికను మరచిపోకుండా యజమాని క్యాలెండరులోనూ, సహాయకుడిగా నా క్యాలెండరులోనూ రాసుకున్నాం.